గాలి ఎండబెట్టే పంట: లోఫోటెన్ దీవుల మత్స్యకార జీవనం

ఎండుచేప అనగానే మన తీరప్రాంత వాసులకు రెండు గుర్తుకు వస్తాయి: ఉప్పు, ఎండ. చేపకు ఉప్పు పట్టించి, ఇసుకతిన్నెల మీద ఎర్రటి ఎండలో ఆరబెట్టడమే మనకు తెలిసిన పద్ధతి. ఉప్పు వేయకుండా, ఎండ కోసం ఎదురుచూడకుండా, చలిగాలి మీదనే ఆధారపడి వెయ్యేళ్లకు పైగా చేపను ఎండబెడుతున్న జనం ఉన్నారు. వారి నివాసం నార్వే దేశపు ఉత్తర తీరంలోని లోఫోటెన్ దీవులు. పొలం లేని చోట సముద్రమే పొలమై, ఏటా ఒక్క పంటతో ఊళ్లకు ఊళ్లను పోషించిన తీరు ఎలాంటిదో, ఆ పంటను కాపాడుకోవడానికి ఆ జనం ఎలాంటి కట్టుబాట్లు చేసుకున్నారో తెలుసుకోవడం మనకు ఉపయోగకరం.

వెలుగు, చీకటి

లోఫోటెన్ దీవులు ఆర్కిటిక్ వలయానికి ఉత్తరాన, సుమారు 68వ అక్షాంశం దగ్గర ఉన్నాయి. భూగోళం మీద ఇంత ఉత్తరాన ఉన్న అనేక ప్రాంతాల్లో శీతకాలం వస్తే సముద్రం గడ్డకట్టుకుపోతుంది. ఇక్కడ అలా జరగదు. అట్లాంటిక్ మహాసముద్రం మీదుగా వచ్చే వెచ్చని నీటి ప్రవాహం ఈ తీరాన్ని తాకుతూ సాగిపోతుంది. అందువల్ల నడిశీతకాలంలోనూ రేవులు తెరిచే ఉంటాయి. గాలిలోని చలి సున్నా డిగ్రీలకు కాస్త అటూ ఇటూగా ఊగిసలాడుతుంది. నీటిలోంచి నిటారుగా లేచిన నల్లని కొండలు దూరానికి ఒకే గోడలా కనిపిస్తాయి. ఆ కొండలకూ కెరటాలకూ మధ్య మిగిలిన సన్నని రాతిపట్టీ మీదనే ఊళ్లన్నీ వెలిశాయి. స్వోల్వేర్, హెన్నింగ్స్‌వేర్, నూస్‌ఫ్యోర్డ్, రైనే అలాంటివే. ఒకే ఒక్క అక్షరంతో ‘ఓ’ అని పిలిచే ఊరు కూడా ఇక్కడే ఉంది.

డిసెంబరు మొదటి వారం తర్వాత సుమారు నెలరోజులపాటు ఇక్కడ సూర్యుడు దిగంతం పైకి రాడు. మధ్యాహ్నపు వేళ కొద్ది గంటలు నీలివెలుగు పరుచుకుని, మళ్లీ చీకటి కమ్ముతుంది. మే నెలాఖరు నుంచి జులై మధ్య వరకు అదే సూర్యుడు అస్తమించడమే మానేస్తాడు. ఉత్తర నార్వేలోని ట్రోమ్సో వంటి పట్టణాల్లో స్థిరపడిన ముస్లిములకు ఇది కేవలం ప్రకృతి వింత కాదు. సూర్యగమనంతో ముడిపడిన నమాజు వేళలను, రమజాన్ ఉపవాస సమయాలను నిర్ణయించుకోవలసిన నిత్యజీవిత సమస్య. రాత్రీపగలూ స్పష్టంగా వేరుపడే సమీప ప్రాంతపు సమయాన్ని గానీ, మక్కా నగర సమయాన్ని గానీ అనుసరించవచ్చని ధార్మిక పండితులు మార్గం చూపారు. లోఫోటెన్ మత్స్యకారునికి కూడా గడియారం కంటే పెద్ద లెక్క ఒకటుంది. అది చేప వచ్చే లెక్క.

వలస వచ్చే అతిథి

ఈ దీవుల బతుకంతా ఒకే జాతి చేప చుట్టూ తిరుగుతుంది. అది కాడ్ చేప. ఏడాదిలో ఎక్కువ కాలం అది ఉత్తరాన బేరెంట్స్ సముద్రపు చల్లని నీటిలో మేత మేస్తుంది. గుడ్లు పెట్టే ఈడుకు వచ్చాక, శీతకాలంలో వందలాది కిలోమీటర్లు ఈది లోఫోటెన్ దీవులకూ ప్రధాన భూభాగానికీ మధ్య ఉన్న వెస్ట్‌ఫ్యోర్డ్ అనే విశాలమైన అఖాతానికి చేరుతుంది. జనవరిలో మొదలై ఏప్రిల్ దాకా ఈ రాకడ సాగుతుంది. అలా వలస వచ్చే కాడ్‌ను స్థానికులు ‘స్క్రై’ అంటారు. తిరుగాడేది, సంచారి అన్న అర్థమిచ్చే ప్రాచీన పదంలోంచి ఆ పేరు పుట్టింది.

గుడ్ల నుంచి వెలువడిన పిల్లలు ప్రవాహంతో పాటు మళ్లీ ఉత్తరానికి కొట్టుకుపోతాయి. అక్కడ పెరిగి, కొన్నేళ్ల తర్వాత తాము పుట్టిన తీరాన్ని వెతుక్కుంటూ వస్తాయి. విత్తనం చల్లేవారు లేరు, నీరు పెట్టేవారు లేరు. అయినా ఏటా పంట గుమ్మం ముందుకు వచ్చి నిలుస్తుంది. అయితే అది వచ్చేది సంవత్సరంలోకెల్లా తుపానులు ఎక్కువగా ఉండే నెలల్లో. ఈ ఉపాధి వెనుక ఉన్న పరీక్ష అదే.

పడవలో, రోర్బులో

పడవలకు ఇంజన్లు రాని కాలంలో ఉత్తర నార్వే తీరం పొడవునా ఉన్న పల్లెల నుంచి పురుషులు జనవరి నెలలో తెరచాప పడవల మీద లోఫోటెన్‌కు బయలుదేరేవారు. 19వ శతాబ్దం చివరలో కొన్ని సంవత్సరాల్లో 30 వేలకు పైగా మత్స్యకారులు ఈ వేటకు చేరేవారు. కప్పులేని పడవలో రోజుల తరబడి ప్రయాణం. ఎముకలు కొరికే చలిలో తెడ్డు వేయడం, దారాలు లాగడం, తడిసిన వలలను చేతులతో పైకి తీయడం వారి దినచర్య. ఈత వచ్చినా ప్రయోజనం లేని చల్లని నీరది. ఒక్క తుపాను రోజున ఒకే పల్లెకు చెందిన అనేక ఇళ్లు మగదిక్కు కోల్పోయిన సందర్భాలు ఆ తీరపు చరిత్రలో చాలా ఉన్నాయి.

వారు బస చేసే గుడిసెను ‘రోర్బు’ అంటారు. ‘తెడ్డు వేసేవాని నివాసం’ అని ఆ మాటకు అర్థం. సగం రాతి మీద, సగం నీటిలో పాతిన కొయ్యగుంజల మీద కట్టి, ఎర్రరంగు పూసిన చిన్న ఇల్లు అది. 12వ శతాబ్దం ఆరంభంలో నార్వే రాజు ఓయ్‌స్టైన్ వోగన్ అనే చోట మత్స్యకారుల కోసం ఇలాంటి బసలు కట్టించాడని చరిత్ర చెబుతుంది. ఒక గదిలో వలలు, పనిముట్లు. రెండవ గదిలో వంట, నిద్ర, తడిబట్టల ఆరబెట్టడం అన్నీ. ఒకే మంచం మీద ఇద్దరేసి పడుకునేవారు. పట్టిన చేపను వాటాలుగా పంచుకునేవారు: పడవకు ఒక వాటా, మనిషికి ఒక వాటా. కూలి లెక్క లేదు. చేప పడితే అందరికీ, పడకపోతే ఎవరికీ లేదు. కాబట్టి పడవలో ఒకరి నిర్లక్ష్యం అందరి ప్రాణానికీ, అందరి తిండికీ ముప్పు తెచ్చేది.

ఇంటిని మోసిన చేతులు

పడవల గురించి రాసినంతగా ఇంటి గురించి ఎవరూ రాయలేదు. కానీ ఆ తీరంలో కుటుంబాన్ని నిలబెట్టింది కేవలం చేప కాదు. పురుషులు మూడు నాలుగు నెలలు సముద్రం మీద ఉంటే, ఆ కాలమంతా ఇల్లు, పశువులు, పిల్లలు, వృద్ధులు అన్నీ స్త్రీల మీదనే ఉండేవి. ఒకటి రెండు ఆవులు, కొన్ని గొర్రెలు, చిన్న బంగాళాదుంప మడి ఆ కుటుంబాల ఆస్తి. పొట్టి వేసవిలో కోసి ఆరబెట్టిన గడ్డి శీతకాలమంతటికీ సరిపోదు. అందుకని స్త్రీలు ఒడ్డుకు కొట్టుకొచ్చిన సముద్రపు నాచును ఏరి తెచ్చి, చేపతలలతో కలిపి ఉడికించి పశువులకు పెట్టేవారు.

వేటకు వెళ్లే భర్తకు, కొడుకుకు ఒక కొయ్యపెట్టె సర్దడం కూడా వారి బాధ్యతే. నెలల తరబడి చెడిపోని పలుచని రొట్టెలు, వెన్న, జున్ను, మార్చుకోవడానికి ఉన్నిబట్టలు అందులో ఉండేవి. ఉన్ని చేతితొడుగులను కావాలనే చాలా పెద్దవిగా అల్లి, వేడినీటిలో నలిపి కుదించేవారు. అలా దట్టమైన తొడుగు తడిసినా చేతికి వెచ్చదనాన్ని ఇస్తుంది. సముద్రం మధ్యలో మంచుతాడు పట్టుకున్న చేతికి రక్షణ ఇంటిలో దీపం ముందు కూర్చున్న ఇల్లాలి అల్లికే. స్వోల్వేర్ రేవు ముఖద్వారంలో, వెళ్లే పడవల వైపు చేయి ఊపుతున్న మత్స్యకారుని భార్య విగ్రహం నిలిచి ఉంది. ఎదురుచూపు కూడా ఒక శ్రమేనని ఆ ఊరు అలా ఒప్పుకుంది.

పిల్లల చేతిలో కత్తి

పడవలు రేవుకు చేరగానే పిల్లల పని మొదలవుతుంది. కాడ్ చేప నాలుక ఆ ప్రాంతంలో రుచికరమైన ఆహారం. కోసి పక్కన పెట్టిన చేపతలల్లోంచి నాలుకను తీసే పని తరతరాలుగా పిల్లలది. బడి విడిచిపెట్టాక రబ్బరు దుస్తులు తొడుక్కుని వచ్చి, నిలబెట్టిన ఇనుప మేకుకు చేపతలను గుచ్చి, ఒక్క కోతతో నాలుకను వేరుచేస్తారు. ఆరేడేళ్ల పిల్లలు కూడా పెద్దల పక్కన నిలబడి ఈ నేర్పు అలవరచుకుంటారు. నాలుకలను తూచి తామే అమ్ముకుంటారు. ఆ డబ్బు వారి సొంతం.

బాలకార్మిక చట్టాలు కఠినంగా అమలయ్యే దేశంలో ఈ ఆచారం ఎలా నిలిచిందని ఎవరికైనా సందేహం కలుగుతుంది. ఇది బడిని మాన్పించే పని కాదు, పిల్లవాని శ్రమను పరాయివారు దోచుకునే పని కూడా కాదు. ఏ చేప తాజాదో గుర్తించడం, కత్తిని జాగ్రత్తగా వాడటం, సంపాదనకూ శ్రమకూ ఉన్న సంబంధాన్ని చిన్నతనంలోనే గ్రహించడం అందులో పాఠాలు. ఇంటి వృత్తి మీద గౌరవం పుస్తకాల ద్వారా కాక ఇలా చేతుల ద్వారా తరువాతి తరానికి అందుతుంది.

గాలి చేసే పని

ఇక ఎండబెట్టడం. తల తీసి, పొట్ట శుభ్రం చేసిన చేపలను రెండేసి చొప్పున తోకల దగ్గర జతకట్టి, ఆరుబయట నిలిపిన కొయ్యపందిళ్ల మీద వేలాడదీస్తారు. ఫిబ్రవరి నుంచి మే నెల దాకా అవి అలాగే గాలికి ఊగుతుంటాయి. ఒక్క ఉప్పురాయి కూడా తగిలించరు. చలి మరీ ఎక్కువైతే చేప గడ్డకట్టి కండ పగిలిపోతుంది. వెచ్చదనం పెరిగితే కుళ్లుతుంది, ఈగలు ముసురుతాయి. సున్నా డిగ్రీల చుట్టూ తిరిగే ఈ దీవుల వాతావరణం ఆ రెండింటికీ మధ్య సరిగ్గా తూగుతుంది. తగుమాత్రపు చలి, ఎడతెగని సముద్రపు గాలి, మధ్యమధ్య వాన, ఆపైన వసంతపు వెలుగు కలిసి చేపలోని నీటిని మెల్లగా లాగేస్తాయి. ఒక కిలో ఎండుచేప కావాలంటే నాలుగు కిలోలకు పైగా పచ్చిచేప కావాలి. పందిళ్ల నుంచి దించిన తర్వాత మరికొన్ని నెలలు కొట్టులో ఉంచి పక్వం చేస్తారు. అలా తయారైనది కర్రలా గట్టిపడి, ఏళ్ల తరబడి చెడిపోకుండా నిల్వ ఉంటుంది.

చివరి తీర్పు ‘వ్రాకర్’ అనే నిపుణునిది. అతడు ప్రతి చేపనూ చేతిలోకి తీసుకుని, వెలుగులో తిప్పి చూసి, వాసన పీల్చి, దాదాపు 20 తరగతుల్లో ఏదో ఒకదానిలో వేస్తాడు. యంత్రం చేయలేని పని ఇది. ఏళ్ల అనుభవమే ఇందులో అర్హతపత్రం. మేలురకం ఎక్కువగా ఇటలీకి వెళుతుంది. 2007లో నార్వే, 2014లో ఐరోపా సమాఖ్య ‘లోఫోటెన్ ఎండుచేప’ అన్న పేరుకు చట్టబద్ధమైన రక్షణ కల్పించాయి.

ఈ చేపలో పారవేసేది దాదాపు ఏమీ లేదు. తలలను దారానికి గుచ్చి వేరుగా ఎండబెడతారు. అవి నైజీరియాకు చేరి, అక్కడి ఇళ్లలో పులుసుకు రుచినిస్తాయి. 1967 నుంచి 1970 వరకు సాగిన బియాఫ్రా యుద్ధంలో ఆకలితో అలమటించిన ప్రజలకు సహాయంగా పంపిన ఆహారంలో ఈ ఎండుచేప కూడా ఉంది. చెడిపోదు, తేలిక, మాంసకృత్తులు పుష్కలం. అందువల్ల ఎందరో పసిపిల్లలకు అది ప్రాణాధారమైంది. గుడ్లసంచి కూడా ఆహారమే. కాలేయం నుంచి తీసే నూనెను పూర్వం దీపాలకు, తోళ్లు పదును చేయడానికి వాడేవారు. 1850లలో పీటర్ మోలర్ అనే నార్వే ఔషధ వ్యాపారి ఆవిరి పద్ధతిలో శుభ్రమైన నూనె తీయడం ప్రవేశపెట్టాక అది ఔషధమై ప్రపంచమంతటా వ్యాపించింది. మన ఇళ్లలో పిల్లలకు పట్టించిన కాడ్‌లివర్ ఆయిల్ అదే. సూర్యుడు కనబడని నెలల్లో, సూర్యరశ్మి ఇవ్వవలసిన విటమిన్ డి ఆ తీరవాసులకు చేప కాలేయం నుంచే లభిస్తూ వచ్చింది.

అపరిచితులకు ఆశ్రయం

ఈ దీవుల జనుల స్వభావాన్ని తెలిపే సంఘటన ఒకటి చరిత్రలో నమోదై ఉంది. 1431లో పియెత్రో క్వెరీని అనే వెనిస్ నగర వర్తకుడు క్రీట్ ద్వీపం నుంచి ఫ్లాండర్స్ వైపు ఓడలో బయలుదేరాడు. తుపానులో చుక్కాని విరిగి, ఓడ ఉత్తరానికి కొట్టుకుపోయింది. ఓడను వదిలి చిన్న పడవల్లో దిగిన 68 మందిలో అత్యధికులు చలికి, ఆకలికి, దాహానికి ప్రాణాలు కోల్పోయారు. 1432 జనవరిలో కొద్దిమంది లోఫోటెన్ దక్షిణపు కొసన ఉన్న రోస్ట్ సమీపంలోని నిర్జన ద్వీపం మీద పడ్డారు. చివరికి మిగిలింది 11 మంది.

రోస్ట్ మత్స్యకారులు వారిని కనుగొన్నారు. భాష తెలియదు, దేశం తెలియదు, తిరిగి చెల్లించగలరన్న ఆశ లేదు. అయినా తమ ఇళ్లకు తీసుకువెళ్లి, నెలల తరబడి తమతో పాటే తిండిపెట్టి, వసంతం వచ్చాక స్వదేశానికి సాగనంపారు. అప్పుడు ఆ ద్వీపపు జనాభా సుమారు 120 మంది. అంతటి చిన్న, పేద సమాజానికి 11 మంది అతిథులు తేలికపాటి భారం కాదు. క్వెరీని స్వదేశం చేరాక తన అనుభవాలను గ్రంథస్థం చేశాడు. వారి నిజాయితీని, ఉప్పులేకుండా చేపను ఎండబెట్టే వారి నేర్పును ప్రశంసించాడు. ఇటలీకీ ఈ దీవులకూ మధ్య ఎండుచేప అనుబంధం గురించి నేటికీ ఆ కథతోనే చెప్పడం మొదలుపెడతారు.

సముద్రం ఎవరిది?

ఇంత శ్రమించినా మత్స్యకారుడు తరతరాలుగా పేదగానే ఉండిపోయాడు. కారణం సముద్రం కాదు, ఒడ్డు. ఎండుచేపను దక్షిణాన బెర్గెన్ రేవుకు తీసుకువెళ్లి అమ్మాలి. అక్కడి వర్తకులు ధాన్యం, దారాలు, గాలాలు ముందుగా అప్పు ఇచ్చి, రాబోయే వేటను తాకట్టుగా ఉంచుకునేవారు. తర్వాతి కాలంలో ఊళ్లోనే ఒక యజమాని తయారయ్యాడు. రేవు అతనిది, రోర్బు అతనిది, దుకాణం అతనిది, చేప కొనేదీ అతడే. ధర అతడు చెప్పిందే. అప్పు తీరక మరుసటి ఏడు మళ్లీ అతని గుమ్మమే తొక్కవలసి వచ్చేది. 1816 నాటి చట్టం సముద్రాన్ని కూడా భాగాలు చేసి, ఏ యజమాని బసలో ఉంటే ఆ యజమాని హద్దులోనే వేటాడాలన్న పరిస్థితి కల్పించింది.

1857లో వచ్చిన కొత్త చట్టం ఆ హద్దులను తొలగించి, సముద్రం అందరిదీ అని ప్రకటించింది. ఆ శతాబ్దం ముగిసేలోగా ఇంకో గొప్ప మార్పు వచ్చింది. ఎక్కడ వలలు, ఎక్కడ గాలాలు, ఉదయం ఎప్పుడు బయలుదేరాలి వంటి నియమాలను నిర్ణయించే అధికారం మత్స్యకారులు ఎన్నుకున్న ప్రతినిధులకే దక్కింది. ఒడ్డున సంకేతపతాకం ఎగిరే వరకు ఏ పడవా కదలరాదు. బలవంతుడు ముందుగా వెళ్లి బలహీనుని వాటా లాక్కోకుండా ఆ చిన్న నియమం కాపాడింది. 1938 చట్టం మత్స్యకారుల సొంత విక్రయసంస్థకు తొలి అమ్మకం హక్కును, కనీస ధర నిర్ణయించే అధికారాన్ని ఇచ్చింది. అప్పుల గొలుసు అప్పుడు గానీ పూర్తిగా తెగలేదు.

నేటి పరీక్ష

స్వేచ్ఛ వచ్చాక అత్యాశ వచ్చింది. యంత్రపు పడవలు, లోతైన నీటిని జల్లెడ పట్టే భారీ నౌకలు పెరిగి, 1980లలో కాడ్ సంతతి ప్రమాదస్థాయికి తగ్గింది. 1989 ఏప్రిల్‌లో తీరప్రాంతపు కాడ్ వేటను మధ్యలోనే ఆపివేశారు. మరుసటి సంవత్సరం నుంచి ఒక్కో పడవకు ఇంత అని కోటా విధించారు. నార్వే, రష్యా దేశాలు కలిసి ఏటా మొత్తం పరిమితిని నిర్ణయిస్తాయి. ఆ కట్టడి వల్లనే చేప మళ్లీ పుంజుకుంది. కానీ కోటా పడవతో పాటు చేతులు మారే ఆస్తి అయింది. కోటా ఉన్న పడవ కొనాలంటే పెద్ద మొత్తం కావాలి. అంత డబ్బు లేని యువకునికి, తాత తెడ్డు వేసిన నీటిలోనే వేట అందని పని అవుతోంది. సముద్రం ఎవరిది అన్న పాత ప్రశ్న కొత్త రూపంలో తిరిగి వచ్చింది.

ఈ తీరపు సముద్రగర్భంలో చమురు వెతకాలన్న ప్రతిపాదన మీద ఏళ్ల తరబడి వివాదం నడిచింది. చేప గుడ్లు పెట్టే చోట చమురు చిందితే తిరిగి తేలేమని తీరవాసులు పోరాడారు. 2019లో ప్రధాన రాజకీయ పక్షాల్లో ఒకటైన లేబర్ పార్టీ ఆ ప్రతిపాదనకు మద్దతు ఉపసంహరించుకుంది. ఇప్పుడు మరో చింత ముందుకు వచ్చింది. నీరు వెచ్చబడుతున్నకొద్దీ చేప గుడ్లు పెట్టే స్థలాలు ఉత్తరానికి జరుగుతున్నాయి. శీతకాలం మెత్తబడితే పందిళ్ల మీద చేప ఎండే ముందే చెడిపోతుంది. సంతతి తగ్గడంతో 2025 సంవత్సరపు కోటాను 3 లక్షల 40 వేల టన్నులకు కుదించారు. 1991 తర్వాత అప్పటికి అంత తక్కువ పరిమితి అదే.

ఊళ్ల రూపం కూడా మారింది. అనేక రోర్బులు పర్యాటకుల విడిదిగృహాలయ్యాయి. చేపల కర్మాగారాల్లో తూర్పు ఐరోపా నుంచి వచ్చిన కార్మికులు పనిచేస్తున్నారు. ఇంకా ఉత్తరానగల ఫిన్‌మార్క్‌లో యుద్ధం నుంచి తప్పించుకుని వచ్చిన శ్రీలంక తమిళులు ఒకప్పుడు ఇవే పనుల్లో స్థిరపడ్డారు.

అయినా జనవరి వచ్చిందంటే పడవలు రేవు దాటుతున్నాయి. ఫిబ్రవరిలో పందిళ్లు చేపలతో నిండుతున్నాయి. సాయంత్రం బడి పిల్లలు కత్తులతో రేవుకు చేరుతున్నారు. లోఫోటెన్ ప్రజలు తమ ఉపాధిని తాము సృష్టించలేదు. అది వారి వద్దకు నడిచి వచ్చింది. వారు చేయగలిగిందల్లా దానిని పంచుకోవడానికి న్యాయమైన పద్ధతి ఏర్పరచుకోవడం, అవసరమైనప్పుడు చేయి వెనక్కి తీసుకోవడం, దొరికినదానిలో ఏ భాగాన్నీ వృథా చేయకపోవడం. ఆ మూడింటిలో ఏది సడలినా వారి బతుకు చితికింది, ఏది నిలిచినా వారు నిలిచారు. మనకు అందిన వనరు చేప కావచ్చు, చెరువు కావచ్చు, భూగర్భజలం కావచ్చు. అది మన తర్వాతివారి అమానతు కూడా అని గుర్తించే ఇంటికి ఈ దీవుల కథ దూరదేశపు వింతగా అనిపించదు.